కుంచె అవతలి కొన

ఇంగ్లీషులో ‘నేను ఉంటిని’ అని చెప్పాలంటే ‘ఐ వాజ్’ అనాలి. ‘ఐ వర్’ అంటే తప్పు. బెంచీ ఎక్కి నిలబడవలసినంత తప్పు. కానీ ఒక్క సందర్భంలో ఆ తప్పే ఒప్పవుతుంది. లేనిదాన్ని ఉన్నట్టు ఊహించేటప్పుడు, కానిది అయితే బాగుండునని కోరుకునేటప్పుడు ‘ఐ వర్’ అంటారు. ‘ఇఫ్ ఐ వర్ ఎ బర్డ్’ అంటే నేను పిట్టనై ఉంటే అని. చెప్పేవాడు పిట్ట కాడని, ఎప్పటికీ కాబోడని వినేవాళ్ళకు ఆ ఒక్క మాటతోనే తెలిసిపోతుంది.

నాకు ఇది నేర్పింది మా అన్న. బడిలో కాదు. మా వీధిలో, తెల్లవారుజామున, పడుగుకు గంజి పట్టిస్తూ నేర్పాడు.

మాది మైదుకూరు వైపు వెళ్ళే దారిలో నేతపని చేసేవాళ్ళ ఊరు. పడుగును మగ్గానికి ఎక్కించే ముందు పోగులన్నీ వీధి పొడవునా చాపి, గంజి తడిపి, పెద్ద కుంచెతో దువ్వుతారు. ఎండ ఎక్కకముందే ముగించాలి. లేకపోతే గంజి పోగులమీదే అట్టకట్టిపోతుంది. కుంచెకు ఈ కొన ఒకరు, ఆ కొన ఒకరు పట్టుకుని, మధ్యలో పడుగు ఉండగా, ఇద్దరూ ఒకే బిగువుతో లాగుతూ నడవాలి. ఒకరు తొందరపడితే కుంచె వంకర పోతుంది, పోగులు తెగుతాయి. అది మగవాళ్ళ పని. ఆడవాళ్ళం కండెలు చుట్టేవాళ్ళం, తెగిన పోగులు అతికేవాళ్ళం. ఒక చలికాలం నాయనకు కుడి భుజం పట్టేసింది. చెయ్యి పైకి లేవలేదు. కుంచె అవతలి కొన అలా నా చేతికి వచ్చింది.

అప్పటికి నేను ఆడపిల్లల బడిలో పై తరగతి చదువుతున్నాను. నలుగురి ముందు నిలబడాలంటే నాకు ప్రాణం పోయేది. అటువంటిది ఊరంతా లేచి తిరుగుతున్న వేళ నడివీధిలో కుంచె పట్టుకుని నిలబడ్డాను. ఎదురింటి మామ వేపపుల్ల నములుతూ అరుగుమీదికి వచ్చాడు.

“ఏమప్పా, మీ ఇంట్లో మొగోళ్ళు కరువైనారా? పాపతో కుంచె పట్టిస్తాండావు.”

“మొగోళ్ళు మీ ఇంట్లో పండుకోనుండారు గదా మామా, లేపి పంపీరాదూ,” అన్నాడు అన్న.

మామ కొడుకులు పొద్దెక్కేదాకా లేవరని వీధికంతా తెలుసు. మామే ముందు నవ్వాడు. “చేతులెట్లున్నా నోరు మాత్రం ఇంగ్లీషు బడికి పోయినోని నోరేప్పా,” అని లోపలికి పోయాడు.

నేను తల ఎత్తలేదు. అన్న గొంతు తగ్గించి, “నువ్వు ఎవురినీ చూడొద్దులే మే. నేను చెప్పేది మాత్రం విను. ఊఁ, లాగు. గో,” అన్నాడు. కుంచె కదిలింది. “వెంట్.” ఇంకో అడుగు. “గాన్. ఇప్పుడు నువ్వు చెప్పు.”

ఆ చలికాలమంతా అలాగే నేర్చుకున్నాను. క్రియ ఒకటి, అడుగు ఒకటి. మాట తప్పితే బిగువు తప్పేది. నాకు బడిలో నోరు పెగలదు కానీ చేతిలో కుంచె ఉంటే మాట దానంతటదే వచ్చేది. అన్న హైస్కూల్లో ముందురోజు విన్నది మరునాడు పడుగు దగ్గర నాకు చెప్పేవాడు. వాడికి చదువంటే ఆకలి వంటిది. ఎంత నేర్చుకున్నా ఇంకా కావాలనేవాడు. పరీక్ష అయిపోయాక కాలేజీకి పోతానని అమ్మతో అనేవాడు. అమ్మ ఔననేది కాదు, కాదనేది కాదు.

‘వర్’ సంగతి చెప్పిన రోజు నేను నమ్మలేదు.

“తప్పు గదన్నా అది?”

“తప్పే. ఇంగ్లీషోళ్ళు కోరుకునేటప్పుడు తప్పు మాట్లాడొచ్చు. అది వాళ్ళ రూలు.”

ఇద్దరం నవ్వాం. కుంచె వంకర పోయింది. “నవ్వులు ఆపి పోగులు చూసుకోండి,” అని అమ్మ వంగి తెగినవాటిని ఏరుకుంది.

తర్వాత ఒక్కో ఉపయోగం ఒక్కో ఉదయం చెప్పాడు. ‘యాజ్ ఇఫ్’ అన్న మాట తర్వాత కూడా అదే వస్తుందట. “మా హెడ్మాస్టరు వరండాలో నడుస్తాడు, యాజ్ ఇఫ్ హి వర్ ది కలెక్టర్. అంటే కలెక్టరు కాడు, నడక మాత్రం కలెక్టరుది.” దీవెనల్లో దాని చుట్టమొకటి ఉంటుందని, ‘గాడ్ బ్లెస్ యు’ అంటారే తప్ప ‘బ్లెసెస్’ అనరని చెప్పాడు. దేవుడు దీవిస్తున్నాడని చెప్పడం కాదు, దీవించుగాక అని అడగడం. “మనకు గాక ఉండాదే, అట్లాంటిది. వాళ్ళది పొట్టిది,” అన్నాడు.

నేను దాన్ని ఇంట్లో వెతకడం మొదలుపెట్టాను. మా ఇంటినిండా అదే ఉంది. “ముంగారు వానొచ్చింటే,” అని అమ్మ. “మీ తాత ఉండింటే,” అని అవ్వ. “ఈ బుజం బాగుండింటే,” అని నాయన, రోజుకు ఎన్నిమార్లో. ఇంతకాలం విన్నా పట్టించుకోలేదు. ఇంగ్లీషు క్రియ ఒకటి వచ్చి చెవి తిప్పి చూపించింది. అప్పటినుంచి వాళ్ళు ఆ మాట అన్నప్పుడల్లా, వాళ్ళు కోరేది రాదని వాళ్ళకూ తెలుసునని నాకు అర్థమయ్యేది. నా కోరికలు నేను లోలోపలే ఇంగ్లీషులో పెట్టుకునేదాన్ని. ఇంట్లో అన్నకు తప్ప ఎవరికీ అర్థం కాని భాషలో కోరుకుంటే సిగ్గు తక్కువగా ఉండేది.

రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. నూలు దొరకడం కష్టమైంది. దొరికినప్పుడు ఉన్న పళంగా నేసివ్వాలి. నాయన చెయ్యి ఇక మగ్గానికి పనికిరాదని తేలిపోయింది. అన్నకు ఆఖరి పరీక్షకు ఏడాది ఉండగా ఒక సోమవారం బడికి పోకుండా మగ్గం గుంటలో కాళ్ళు పెట్టి కూర్చున్నాడు. ఎవరూ కూర్చోమనలేదు. హెడ్మాస్టరు మనిషిని పంపితే, “పని ముగించుకోని వస్తానని చెప్పు,” అన్నాడు. ఆ పని ముగియలేదు.

ఆ తర్వాత కూడా కుంచె రెండు కొనలు మేమే పట్టేవాళ్ళం. కానీ వాడు కొత్తవి చెప్పడం మానేశాడు. చెప్పడానికి కొత్తగా వినే చోటు లేదు కదా. పాతవే తిప్పి తిప్పి చెప్పుకునేవాళ్ళం.

మరుసటి సంవత్సరం మా బడి పంతులమ్మ ఇంటికి వచ్చింది. కడపలో ఆడవాళ్ళ ట్రైనింగు స్కూలు ఉందని, నేను పాసయిన తరగతి చాలునని, భోజనం బస సర్కారే చూసుకుంటుందని, వెళితే పంతులమ్మనవుతానని చెప్పింది. అక్కడి పెద్దమ్మగారు ముఖాముఖి మాట్లాడి చేర్చుకుంటారట. అంతవరకు నా కోరికలన్నీ ‘వర్’తోనే ఉండేవి. దీనికి అది అవసరం లేకపోవచ్చునని మొదటిసారి అనిపించింది.

అమ్మ ఒకే మాట అడిగింది. “ఇది పోతే ఆ కొన ఎవరు పడతారు?”

అన్న చెయ్యి కడుక్కుని లేచి ఎదురింటికి వెళ్ళాడు. కాసేపటికి వచ్చి, “మామ పడతాడు. వాళ్ళ పడుగుకు నేను, మన పడుగుకు ఆయన,” అన్నాడు. అంటే ఇకమీదట వాడు ఇద్దరి పడుగులకూ లేవాలి.

వెనుకనే మామ గడపలోకి వచ్చాడు. “పాప పట్టినంత ఒద్దికగా నాకు చేతకాదు. తెగితే తిట్టేది లేదప్పా, ముందే చెప్తాండా.”

కడపకు అన్నే తీసుకువెళ్ళాడు. బస్సులో దారిపొడవునా నన్ను ప్రశ్నలు అడుగుతూనే ఉన్నాడు. స్కూలు ఆవరణలో వేపచెట్టు కింద ఆగిపోయి, “ఈడనే ఉంటా, పో,” అన్నాడు.

పెద్దమ్మగారు మద్రాసు వైపు ఆవిడ. తెల్లచీర, సన్నని కళ్ళద్దాలు. పక్కన ఇంకొక టీచరు కూర్చుని ఉంది. తెలుగు చదివించారు, లెక్క చేయించారు. తర్వాత పెద్దమ్మగారు ఇంగ్లీషులో, టీచరు కావాలని ఎందుకు అనుకుంటున్నావు అని అడిగారు. జవాబు నాకు తెలుసు. అన్న రెండుసార్లు చెప్పించాడు కూడా. నోరు తెరుచుకోలేదు. ఆవిడ మళ్ళీ అడిగారు.

“చేతులెందుకు అట్లా కదిలిస్తున్నావమ్మా?” అంది పక్క టీచరు.

చూసుకున్నాను. నా రెండు పిడికిళ్ళూ లేని కుంచెను పట్టుకుని మెల్లగా లాగుతున్నాయి. సిగ్గేసింది కానీ చేతులు ఆపలేకపోయాను. ఆపితే ఉన్న కాస్త ధైర్యం కూడా పోతుందనిపించింది. ఆ కదలికలోనే మాట వచ్చింది. అన్న చెప్పించిన జవాబు మాత్రం రాలేదు.

“ఐ విష్ మై బ్రదర్ వర్ హియర్,” అన్నాను.

పెద్దమ్మగారు కలం కింద పెట్టారు. తెలుగులోకి దిగి, “ఇట్లా మాట్లాడడం ఎవరు నేర్పారు?” అన్నారు.

“మా అన్న. చెట్టు కింద ఉండాడు.”

వాడిని పిలిపించారు. చెప్పులు బయట విడిచి, గంజి మరక ఉన్న చొక్కాతోనే వచ్చి నిలబడ్డాడు. ఆవిడ ఇంగ్లీషులో అడిగారు, వాడు ఇంగ్లీషులో చెప్పాడు. ఏం చదివాడో, ఎందుకు ఆపాడో, నాకు ఎలా నేర్పాడో. చేతులు కట్టుకుని, తడబడకుండా, ఒక్కో మాట నిదానంగా పెడుతూ. అన్న నోట అంత ఇంగ్లీషు ఒక్కసారిగా నేనెప్పుడూ వినలేదు. అన్నాళ్ళూ నాకు పడుగు అవతలినుంచి వచ్చింది అందులో కొంచెమేనని అప్పుడు తెలిసింది.

ఆవిడ వింటూ వింటూ పక్క టీచరువైపు తిరిగి నవ్వుతూ అన్నారు, “ఇఫ్ ఓన్లీ హి వర్ ఎ గర్ల్.” ఈ అబ్బాయి ఆడపిల్ల అయి ఉంటే ఇద్దరినీ చేర్చుకునేదాన్ని అని. మంచి మనసుతోనే అన్నారు. టీచరు నవ్వింది. అన్న కూడా నవ్వాడు.

నాకు సీటు వచ్చింది.

తిరుగు బస్సులో అన్న ఆ మాటే చెప్పుకుని నవ్వాడు. ఇంటికి రాగానే అమ్మకు చెప్పాడు, అవ్వకు చెప్పాడు. “నేను ఆడపిల్లయ్యింటే నన్నూ చేర్చుకుంటుండెనంట మ్మా. చీర కొనే బాధ గూడా లేదు, మన మగ్గం మీదదే కట్టుకోని పోతుంటి.” అరుగుమీద మామకు చెప్పాడు. మామ కడుపు పట్టుకుని నవ్వి, మరునాడు పొద్దున పడుగు దగ్గర “ఏం పాపా, కొన పట్టుకో,” అని వాడినే పిలిచాడట. చెప్పిన ప్రతిసారీ అన్న ఆ ఇంగ్లీషు వాక్యాన్ని ముందు తప్పులేకుండా చెప్పి, తర్వాత తెలుగులో చెప్పేవాడు. వాడు కాక, అందులోని ‘వర్’ అర్థమయ్యేది ఆ వీధిలో నా ఒక్కదానికే. నేను నవ్వలేకపోయేదాన్ని.

కడప హాస్టల్లో కూడా ఇంట్లో లాగే తెల్లవారుజామున మెలకువ వచ్చేది. చేయడానికి పని లేదు. వరుసగా నిద్రపోతున్న పిల్లల మధ్య పడుకుని, ఈ వేళకు వీధిలో గంజి వాసన వస్తుంటుంది, అన్న మామ పడుగు ముగించి మా పడుగుకు వచ్చి ఉంటాడు అనుకునేదాన్ని. డైరీ రాయడం అక్కడే అలవాటైంది. రాసుకునేదాన్ని కానీ, కుంచె బరువు రాతలోకి వచ్చేది కాదు.

ఇప్పుడు రాజంపేటలో చిన్నపిల్లల బడిలో పనిచేస్తున్నాను. పోయిన వేసవి సెలవులకు ఇంటికి వెళ్ళినప్పుడు మామ కూతురి ఊరికి పోయి ఉన్నాడు. పొద్దున్నే పడుగు చాచి ఉంది. అవతలి కొన ఖాళీగా ఉంది. నేను వెళ్ళి పట్టుకున్నాను. అమ్మ “పంతులమ్మ చేతులు బొబ్బలెక్కుతాయి,” అంది కానీ ఆపలేదు.

ఇద్దరం నడిచాం. వాడు ‘గో’ అంటాడేమోనని ఎదురుచూశాను. అనలేదు. పడుగు సగం దాటాక నేనే మెల్లగా, “ఐ విష్ ఐ వర్,” అన్నాను. తర్వాత ఏమనాలో ముందుగా అనుకోలేదు.

“కుంచె వంకర పోతాండాది, చూసుకో,” అన్నాడు.

సరిచేసుకున్నాను. చివరిదాకా పోయి తిరిగాం. తిరిగేచోట వాడు ఒక్క నిమిషం ఆగి, మెడకు చుట్టుకున్న తువ్వాలతో ముఖం తుడుచుకున్నాడు.

“మీ బడిలో పిల్లోళ్ళకు ఆ వర్ సంగతి చెప్పినావా?”

“చిన్న తరగతులు గదన్నా. ఇంగ్లీషు అక్షరాలు దిద్దేదే ఇప్పుడు. అంతదాకా యాడ వస్తారు.”

“వచ్చినప్పుడు చెప్పు. పిట్ట, రెక్కలు అని చెప్తే మర్చిపోతారు. నా కథ చెప్పు. ఆడపిల్ల కథ. శానా నవ్వుతారు. గుర్తుంటాది.”

సరే అన్నాను. వాడు పడుగు మీదికి వంగి, తెగిన పోగు ఒకటి వేలితో నలిపి అతికాడు. తూర్పున ఎండ అప్పుడే ఎదురింటి అరుగు ఎక్కుతోంది.

“లాగు మే, ఎండొస్తాండాది,” అన్నాడు.

లాగాను.