పొద్దు మునిగితే మారే తారీఖు

నేను చేసిన మొదటి కొలువు, లేని లోకానికి క్యాలెండర్ తయారుచేసుడు. చెప్తే ఇప్పటికీ సగం మంది నమ్మరు. నాకైతే చెప్పినప్పుడల్లా ఖుషీ అయితది.

మా ఖాందాన్ల డిగ్రీ పాసైంది నేనే మొదలు. అబ్బాకు సికింద్రాబాద్ల టైలర్ దుకాణం. మ్యాథ్స్‌ల బీఎస్సీ అయిపోంగనే మారేడ్‌పల్లిల ఒక కంప్యూటర్ గేముల కంపెనీల తీస్కున్నరు. గల్లీకొక సాఫ్ట్‌వేర్ బోర్డు లేస్తున్న రోజులవి. మాది బేకరీ మీద రెండు రూములు, పదకొండు కంప్యూటర్లు. మూడు నెలలు చూస్తం, పని నచ్చితే ఉంచుకుంటం, లేకుంటే లేదని కంపెనీ నడిపే సార్ మొదటి రోజే సాఫ్‌గ చెప్పిండు.

మేం తయారుచేసే గేమ్‌ల ఏడు దీవులుంటయి, అందరు చేపలు పట్టి బతికేటోళ్లే. "వాళ్లకొక క్యాలెండర్ కావాలె. మనది కాపీ కొట్టొద్దు," అన్నడు సార్.

నలభై పేజీలు రాసిన. వారానికి ఆరు రోజులే. ఉప్పు రోజు, వల రోజు, తెడ్డు రోజు, తాడు రోజు, అంగడి రోజు, ఖాళీ రోజు. ఖాళీ రోజు సముద్రంల దిగొద్దు. వాళ్ల చంద్రుడు ఆకుపచ్చగుంటడు. నెలవంక కనబడ్డదంటే కొత్త నెల షురూ. ఒకటో తారీఖు సాయంత్రం ప్రతి పడవల దీపం పెడ్తరు, అదే పెద్ద పండుగ. రాస్తుంటే తిండి సుత యాదికి రాకపోయేది.

దాన్ని ప్రోగ్రాం చేసినాయన మల్కాజ్‌గిరి నుంచి వచ్చేటోడు. వాళ్లది శ్రీకాకుళం వైపు. నా కాయితాలు చూసి, "ఏటండీ ఇది, ఉప్పు రోజేటి, తాడు రోజేటి! పప్పు రోజు ఒకటి ఎట్టీండి, మాకూ సరిపోద్ది," అని నవ్వేటోడు. పని మాత్రం చక్కగ చేసిండు.

మూడో నెల ఆఖరికి అందరం సార్ కంప్యూటర్ ముందట నిలబడ్డం. తెర మీద సూర్యుడు మునిగిండు, సముద్రం మీద సన్నటి పచ్చ నెలవంక కనబడ్డది. పడవలన్నీ చీకటిగనే ఉన్నయి. ఒక్క దీపం లేదు. మనుషులు తాపీగ ఇండ్లల్లకు పోయి పండుకున్నరు.

"ఏందమ్మా, పండుగ ఏది?" అన్నడు సార్.

నేను ప్రోగ్రామరాయన దిక్కు చూసిన. ఆయన నా కాయితం తీసిండు. "ఒకటో తారీఖు సాయంత్రమని రాశారండీ. ఒకటో తారీఖు రేపు కదా. దీపాలు రేపు సాయంత్రం ఎలుగుతాయి."

"రేపు కాదు, ఇదే ఒకటో తారీఖు. నెలవంక వచ్చింది గద!"

"రాత్రి పన్నెండు కొట్టకుండా తారీఖెలా మారుద్దండీ?"

"పొద్దు మునిగినంక మారదా?"

"ఎవరింట్లో మారుద్ది?"

"మా ఇంట్ల," అన్న.

ఇగ చెప్పక తప్పలే. గురువారం పొద్దు మునిగిందంటే అబ్బా మిషన్ ఆపి, జుమ్మా, అంటే శుక్రవారం, వచ్చిందంటడు. మాకు రాత్రి ముందు, పగలు తర్వాత. కాలేజీల, బస్ పాస్ మీద తారీఖు పన్నెండుకే మారుతదని నాకు తెల్వదా? తెలుసు. కానీ నా సొంతంగ ఒక లోకం చేసేటప్పుడు ఇంట్ల లెక్కనే వచ్చింది. నలభై పేజీలల్ల తాడు రోజు ఎందుకు తాడు రోజైందో రాసిన గాని, రోజు ఎప్పుడు మొదలైతదో ఒక్క లైన్ రాయలే. అది రాయాల్సిన సంగతని తోచలే.

సార్ గడియారం చూసుకున్నడు. "పన్నెండుకు మార్చి రాసియ్యి. ఇయ్యాల్నే ఐపోతది."

సరే సార్ అంటే కొలువు ఉంటదని నాకు తెలుసు. నోరు ఆగలే.

"సార్, ఈ దీవులల్ల గడియారం లేదు. గంట కొట్టేటోడు లేడు. పన్నెండైందని వాళ్లకెట్ల తెలుస్తది? పొద్దు మునుగుడైతే అందరికి కనబడ్తది."

ప్రోగ్రామరాయన గదుమ గోక్కుంట తెర చూసిండు. "అది నిజమే సార్. ఆళ్ల దగ్గర గడియారమేదీ? తప్పు నాదే, నేను మన పన్నెండు ఎట్టేశాను. మార్చడానికి రెండ్రోజులు పడతాది."

"రెండే," అన్నడు సార్. నా దిక్కు తిరిగి, "నువ్వు పక్కన కూసో. వాళ్ల పండుగలన్ని మళ్ల చూడు. ఏం రాయకుండ ఇడిచిపెట్టినవో అది సుత రాయి."

రెండు రోజులు కూసున్నం. పొద్దు మునిగే టైముకు దీవులన్నిట్ల తారీఖు మారింది. నెలవంకతోటి దీపాలు ఒక్కొక్కటే వెలిగినయి. సార్ పూర్తిగ చూసి లోపలికి పోయి, సంతకం పెట్టిన అపాయింట్‌మెంట్ లెటర్ తెచ్చి ఇచ్చిండు. ఏం పొగడలే.

బస్ దిగి దుకాణంకు ఉరికిన. అబ్బా ఒకాయనకు షేర్వానీ కొలత తీస్తున్నడు.

"అబ్బా, పక్కా అయింది!"

టేపు మెడల వేసుకుని లెటర్ పట్టుకున్నడు. ఇంగ్లీషు రాదు, అయినా పైనుంచి కిందికి మొత్తం చూసిండు. షేర్వానీ ఆయనకు చూపెట్టి, "మా బిడ్డ లోకానికి తారీఖులు పెడ్తది," అన్నడు.

"ఈ లోకం కాదు అబ్బా, వేరేది."

"ఏదైతేంది, ఉద్యోగం ఈ లోకంలనే గద!" అన్నడు. షేర్వానీ ఆయన చెయ్యి అట్లనే లేపి పెట్టుకుని నిలబడ్డడు. చదివి వినిపియ్యమని అబ్బా లెటర్ నా చేతికిచ్చిండు. తెలుగుల రెండుసార్లు చదివిన.