రెండు కొత్తలంకలు

ఆ రోజుల్లో నాకు తెలీని విషయమంటూ లేదు. ఇరవై రెండేళ్ళ వయసులో చాలామందికి ఉండే జబ్బే ఇది, కాకపోతే నాకు దాని మీద ఉద్యోగం కూడా ఇచ్చారు. రాజమండ్రిలో గోదావరి గట్టుకి దగ్గర్లో పర్యాటకుల సమాచార కేంద్రమని ఒక గది ఉండేది. గోడ నిండా పాపికొండల ఫొటోలు, ఒక కౌంటరు, కౌంటరు వెనక నేను. వచ్చేవాళ్ళలో సగం మంది బాత్రూం ఎక్కడని అడిగేవారు, మిగతా సగం మంది ఏమీ అడక్కుండా ఫ్యాను కింద కాసేపు కూర్చుని వెళ్ళిపోయేవారు. మా ఇన్‌చార్జిగారు మాత్రం చేరిన రోజే నాకు ఉపదేశం చేశారు. "చూడమ్మా, మనం సమాచార కేంద్రం. తెలీదు అనే మాట ఈ కౌంటర్లో వినపడకూడదు." మండపేట నుంచి డిగ్రీ పట్టా పట్టుకుని వచ్చిన నాకు ఆయన అది చెప్పక్కర్లేదు. ఆ మాట నేను అంతకుముందు కూడా ఎప్పుడూ వాడలేదు.

అది వరదల కాలం. నది ఎర్రగా పొంగి పారుతోంది. బోట్లన్నీ ఆపేశారు, వారం రోజులుగా మనిషన్నవాడు లోపలికి రాలేదు. అలాంటి మధ్యాహ్నం ఇద్దరు ఆడవాళ్ళు తడిసిపోయి లోపలికొచ్చారు, తల్లీ కూతురూను. కూతురికి నా వయసే ఉంటుంది, భుజానికి ఒక గుడ్డసంచీ. వారం రోజుల నుంచీ నోట్లో దాచుకున్న మాటలన్నీ వాళ్ళ మీద కుమ్మరించేశాను. పట్టిసీమ, మారేడుమిల్లి, ద్రాక్షారామం, ఎక్కడ ఏం తినాలి, ఏ గుళ్ళో ఎన్నింటికి తలుపులు తీస్తారు, అన్నీ. ఆ అమ్మాయి సంచీ దించకపోవడం చూసి, "ఎంతసేపు మోస్తారండీ, ఇలా ఇవ్వండి, బల్ల కింద పెడతాను" అని చెయ్యి కూడా వేశాను.

"వద్దండీ," అంది ఆ అమ్మాయి నెమ్మదిగా. "అది మా నాన్నగారండీ."

(నా చెయ్యి ఇంకా సంచీ మీదే ఉంది. తీసెయ్యాలో, అలాగే ఉంచాలో ఏ డిగ్రీలోనూ చెప్పరు.)

వాళ్ళది రాయపూర్. తండ్రి ఈ గోదావరి మనిషే. పద్దెనిమిదేళ్ళప్పుడు వాళ్ళ నాన్నతో గొడవపడి ఊరొదిలేసి, అక్కడే ఉద్యోగం, అక్కడే పెళ్ళి. మళ్ళీ ఇటు రాలేదు, ఒక్క ఉత్తరం ముక్కా రాయలేదు. పోయేముందు మాత్రం, నా అస్థికలు మా ఊరి రేవులోనే కలపండి అన్నాడట. ఊరు కొత్తలంక. ఇంట్లో అతన్ని పిలిచే పేరు బుల్లబ్బాయి. తల్లికి తెలుగు అంతంతమాత్రం. కూతురు మాత్రం తండ్రి దగ్గర నేర్చుకున్న తెలుగుని, అండీలతో సహా, అచ్చం మన వాళ్ళలాగే మాట్లాడుతోంది.

"కొత్తలంకా! మా పెద్దమ్మగారి ఊరి పక్కనేనండీ," అన్నాను. కాగితం తీసి, మూడు రంగుల పెన్నులతో దారి గీశాను. ఆలమూరు దాటాక ఎక్కడ తిరగాలో, రైసుమిల్లు ఎక్కడొస్తుందో, అన్నీ. బయట ఉండే ఆటో బాబాయిని పిలిచి, జాగ్రత్తగా దింపి మళ్ళీ తీసుకురమ్మని అప్పజెప్పాను. రిజిస్టర్లో పేర్లు, ఫోన్ నంబరు రాయించుకున్నాను. ఆ తల్లి నాకు రెండు చేతులూ జోడించి నమస్కారం పెట్టింది. నాకు కళ్ళు చెమర్చాయి, ముఖ్యంగా నా మంచితనం తలుచుకుని.

ఇన్‌చార్జిగారు భోజనం చేసి వచ్చి రిజిస్టరు తిరగేశారు. "ఈ ఇంటిపేరు వాళ్ళు సిద్ధాంతం వంతెన అవతల కొత్తలంకలో కదమ్మా ఉంటారు! మా బావమరిది ఊరే. నువ్వు వీళ్ళని ఏ కొత్తలంకకి పంపావు?"

రెండో కొత్తలంక ఒకటుందని నాకు తెలిసింది అప్పుడే.

ఆటో బాబాయి ఫోన్ ఎత్తలేదు. ఇన్‌చార్జిగారి స్కూటీ తీసుకుని వానలో బయల్దేరాను. వాన చినుకులు మొహానికి గులకరాళ్ళలా తగులుతున్నాయి. ఆ కొత్తలంక చేరేసరికి వీధుల్లో ఎవరూ లేరు, ఊరంతా రేవులోనే ఉంది. పంతులుగారు గొడుగు కింద మంత్రాలు చదువుతున్నారు. వరద ఉధృతంగా ఉందని ఆ అమ్మాయి నడుముకి కొబ్బరితాడు కట్టి, గట్టు మీద నలుగురు మగాళ్ళు పట్టుకున్నారు. నేను అరిచే లోపలే ఆ అమ్మాయి సంచీలోని అస్థికల కుండ తీసి వంచేసింది. ఎర్రనీళ్ళు ఒక్కసారి సుడి తిరిగి తీసుకుపోయాయి.

ఒకావిడ ఆ తల్లిని పట్టుకుని, "మా బుల్లబ్బాయే! నా చేత్తో చల్దన్నం పెట్టానమ్మా," అని ఏడుస్తోంది. ఇంకొకాయన ఎనిమిదో తరగతిలో పక్కపక్కనే కూర్చున్నామంటున్నాడు. (గోదావరి జిల్లాల్లో ఇంటికో బుల్లబ్బాయి ఉంటాడు. ఊరొదిలిన బుల్లబ్బాయి ఊరికొకడైనా ఉంటాడు.) వాళ్ళలో పెద్దాయన ఒకరికి నేను సంగతి చెప్పాను. ఆయన నన్ను పక్కకి లాక్కెళ్ళాడు.

"ఇంటిపేరు చెప్పగానే నాకు అనుమానం వచ్చిందమ్మా. కానీ అంత దూరం నుంచి మోసుకొచ్చిన ఆడపిల్లని పట్టుకుని, ఈ ఊరు కాదని ఎలా చెప్పమంటావు?"

"చెప్పాల్సిందండీ," అన్నాను.

"చెప్పాల్సిందే," అన్నాడాయన తల వంచుకుని. "ఇప్పుడిక నువ్వూ చెప్పకు."

ఆ మాట నాకు తియ్యగా వినపడింది. స్టేషన్‌కి వెళ్ళి వాళ్ళని నేనే రైలెక్కించాను. "వీళ్ళ ఊరివాళ్ళు ఈయన్ని మర్చిపోయి ఉంటారనుకున్నా. ఎంతమంది ఏడ్చారో!" అంది తల్లి తన వచ్చీరాని తెలుగులో, నా తల మీద చెయ్యి పెట్టి. మర్నాడు ఇన్‌చార్జిగారు, "పొరపాటయిందని చెప్పావా?" అని అడిగితే, "చెప్పానండీ, ఫర్వాలేదన్నారు," అన్నాను. అంతటితో అయిపోయిందనుకున్నాను.

నాలుగో రోజున ఒక పెద్దావిడ వచ్చింది. ముతక నేతచీర, చేతిలో అరటిపళ్ళ అత్తం. కౌంటరు ముందు నిలబడి, ఆయాసం తీరకుండానే అడిగింది.

"అమ్మా, నేను బుల్లబ్బాయి అక్కనమ్మా. తమ్ముడు పోయాడని ఈ బాబుగారి బావమరిదే చెప్పాడు. మా మరదలు ఇక్కడిదాకా వచ్చిందంటగా? ఊరు తప్పిందని తెలిసి కూడా, ఫర్వాలేదని మా గుమ్మం తొక్కకుండా వెళ్ళిపోయిందంటగా? మా నాన్న పోయి ఎన్నేళ్ళయిందో. వాడికింకా మా మీద కోపం పోలేదా? పెళ్ళాం బిడ్డలకి కూడా అదే చెప్పి పోయాడా?"

ఇన్‌చార్జిగారు నా వంక చూశారు. ఆ చూపు ఈరోజుకీ నాకు గుర్తే. పారిపోదామంటే గదికి ఒకటే గుమ్మం, ఆ గుమ్మంలో ఆవిడ ఉంది.

"వాళ్ళకి తెలీదండీ," అన్నాను. "నేను చెప్పలేదండీ. చెప్పానని అబద్ధం ఆడాను."

ఆవిడ తిట్టలేదు. అరటిపళ్ళు కౌంటరు మీద పెట్టి కుర్చీలో కూలబడింది. రిజిస్టర్లో నంబరు చూసి, వాళ్ళెదురుగానే ఆ అమ్మాయికి ఫోన్ చేసి మొత్తం చెప్పాను. "మా నాన్నగారికి అక్క ఉన్నారాండీ?" అంది ఆ అమ్మాయి. ఫోన్ పెద్దావిడకిచ్చాను. ఆ పక్క తల్లి హిందీలో ఏడ్చింది, ఈ పక్క ఈవిడ తెలుగులో ఏడ్చింది. ఒకరి మాట ఒకరికి ముక్క అర్థం కాలేదు, అయినా ఇద్దరూ ఫోన్ పెట్టెయ్యలేదు.

తర్వాత ఆవిడ కళ్ళు తుడుచుకుని, "ఆ రేవు చూపించు," అంది.

స్కూటీ వెనక కూర్చోబెట్టుకుని తీసుకెళ్ళాను. రేవులో మోకాళ్ళ దాకా దిగి, నీళ్ళకేసి చూస్తూ, "ఒరేయ్, ఇన్నేళ్ళకి వచ్చి, ఇంటికి రాకుండా ఎవరి ఊరో వెళ్ళావేంట్రా? అడ్రసు కనుక్కోవడం కూడా చేతకాలేదా?" అని కసిరింది. నాకు నవ్వూ ఏడుపూ కలిసి ఒకేసారి వచ్చాయి, రెండూ మింగేశాను. అరటిపళ్ళు ఒక్కొక్కటే తుంపి నీళ్ళలోకి వదిలింది.

అక్కణ్ణుంచి రావులపాలెం తీసుకెళ్ళి బస్సెక్కిస్తుంటే, మెట్టు మీద ఆగి నా వైపు తిరిగింది.

"నీ ఉద్యోగం తీసేశారా?"

"లేదండీ. ఇన్‌చార్జిగారు క్షమించారండీ."

"తీసెయ్యాల్సింది," అంది, చాలా మామూలుగా, వానొచ్చేలా ఉంది అన్నట్టు. బస్సు కదిలింది.

ఆ రోజు బస్టాండులో నిలబడి, ఈవిడ ఎంత కఠినురాలని కుళ్ళి కుళ్ళి ఏడ్చాను. ఇప్పుడు నా కౌంటరూ మారింది, జుట్టూ నెరిసింది. అయినా తడిసిన చున్నీతో ఏడుస్తూ నిలబడ్డ అప్పటి నేను గుర్తొస్తే కాస్త నవ్వొస్తుంది, కాస్త జాలేస్తుంది. కానీ ఆవిడ చోట నేనే ఉండి ఉంటే, నేనూ అదే మాట అనేదాన్ని.