చీర కట్టి నడిచే పిళ్ళప్ప

చింతామణి తాలూకాలో ప్రతి పెళ్ళికూతురి చీరనూ ఆమెకంటే ముందు పిళ్ళప్పే కట్టుకున్నాడు, నమ్మండి! శెట్టి బట్టలంగడిలో ఇరవై ఏళ్ళుగా అతని పని అదే. పంచె మీదే కుచ్చిళ్ళు దోపి, గుబురు మీసాల కింద పైట సర్దుకుని, చాప మీద ఈ కొననుంచి ఆ కొనదాకా నడిచి, చటుక్కున వెనక్కి తిరిగేవాడు. జరీ తళుక్కుమనేది, బేరమాడ వచ్చిన అమ్మలు నోళ్ళు తెరిచేవారు. మొన్న అతను చీర కట్టుకుని నడుస్తుండగానే శెట్టి బెంగళూరు నుంచి తెచ్చిన ఆడబొమ్మను గుమ్మంలో నిలబెట్టాడు. “ఇంక దీనికి కట్టు పిళ్ళప్పా. మగోడు చీర కట్టి తిరిగితే జనం నగుతాండారు.”

ఒళ్ళు మండదా మరి? పిళ్ళప్ప ముక్కుపుటాలు అదిరాయి. “ఇరవై ఏండ్లుగా నగలేదా శెట్టప్పా? నగుతానే కొన్న్యారు గదా! ఈ బొమ్మకు నడిచేదానికి వస్తాదా? తిరిగేదానికి వస్తాదా?” ఆ అరుపుకు ఎక్కడో దూరాన కైవార ఊళ్ళో కోళ్ళు లేచాయి. బొమ్మను అతను బజారులోకి విసిరికొట్టాడనీ, దాని తల కెంచార్లహళ్ళిదాకా దొర్లిందనీ ఊరంతా చెప్పుకుంటున్నాం. పిళ్ళప్ప వింటే మాత్రం కళ్ళెర్రజేస్తాడు.

“బొమ్మను నేను ముట్టనే లేదప్పా. ఒంటి మీది చీర విప్పి, మడత పెట్టిచ్చి, వచ్చేసినా.”