పావుగంట వెనకున్న ఇల్లు

కాలం తమ చేతిలో ఉందని చెప్పుకునేవాళ్లను చూస్తే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. ముప్పై ఏళ్లకు పైగా బొగ్గుబాయిలో పనిచేసినవాణ్ణి. భూమి లోపల పొద్దు పొడవదు, కుంగదు. షిఫ్టు దిగామా, ఎక్కామా, అదే కాలం. బడికి పోలేదు. బాయి దగ్గరి నోటీసు బోర్డు చదవాలని అక్షరాలు పట్టుకున్నాను, మిర్చిబజ్జీలు చుట్టిచ్చిన పేపర్లతో మిగతా చదువు చదివాను.

రిటైరై క్వార్టరు ఖాళీ చేశాక కమాన్‌పూర్ వైపు మా బిడ్డ ఇంటికి చేరాను. ఓపెన్‌కాస్టు గని తవ్వకంలో ఊరు పోయినవాళ్లకు చూపించిన కాలనీ అది. ఇంట్లో బిడ్డ, అల్లుడు, అల్లుడి తల్లి. బాయి సైరన్ అక్కడిదాకా వినపడదు. ఆ లోటు చూసుకునే వచ్చింది కాలపీఠం.

రేకుల షెడ్డు, నల్లరాతి కాలదేవుడు, రోజుకు ఆరుసార్లు శంఖం. భూమి కడుపు తవ్వినచోట కాలం వెనకబడుతుందని, అక్కడివాళ్లు గడియారం పావుగంట తగ్గించుకుని బతికితేనే క్షేమమని పీఠం స్వామి చెప్పేవాడు. ప్రతి అమావాస్యకూ జనం గోడ గడియారాలు చంకన పెట్టుకుని పోయేవారు. స్వామి పసుపు వేళ్లతో ముల్లు సరిచూసి నల్లదారం కట్టేవాడు. మళ్లీ అమావాస్యదాకా దాన్ని ఎవరూ ముట్టరాదు. రిటైరైన నాడు నా చేతిగడియారం అల్లుడికిచ్చాను. దానికీ దారం కట్టించి దేవుడి గూట్లో పెట్టింది మా వియ్యపురాలు!

బాయి మాత్రం పావుగంట ఆగదు కదా. అందుకని కాలనీలో ఒక అలవాటు పడింది. టైము చెప్పేవాళ్లు గడియారం చూసి పావుగంట కలిపి చెప్పాలి. అడిగినవాళ్లు "కలిపినవా?" అని మళ్లీ అడగాలి. ఇంత తిక్క ఇంకెక్కడైనా ఉంటుందా? మా ఇంట్లో అల్లుణ్ణి లేపి టైము చెప్పే పని వియ్యపురాలిది. బిడ్డ పొయ్యి దగ్గర సద్ది కట్టే పనిలో ఉండేది. నేను, ఒప్పుకుంటాను, పొద్దెక్కాక లేచేవాణ్ణి.

అల్లుడు బదిలీ ఫిల్లరు. పర్మినెంటు మనిషి రానిరోజు అతని బదులు దిగి బొగ్గు నింపాలి. ఏడాదిలో చెప్పినన్ని హాజర్లు, మా మాటలో మస్టర్లు, నిండితే పర్మినెంటు. లేదంటే మళ్లీ మొదటినుంచి. ఆ డిసెంబరులో రెండు మస్టర్లు పోతే సరిపెట్టుకోవచ్చు. మూడోది పోతే ఏడాదంతా పోయినట్టే.

మొదటి వారంలో ఒకరోజు అల్లుడు పొద్దున ఎనిమిదింటికే ఇంటికొచ్చాడు. ముఖం మీద బొగ్గు మరకైనా లేదు. డ్యూటీకి పోయిన మనిషి అట్లా తెల్లటి ముఖంతో వస్తే మా ఇళ్లలో ఎవరూ ఏమీ అడగరు.

"మస్టరు కిటికీ మూసిండ్రు మామా," అన్నాడు. తల్లివైపు తిరిగాడు. "అవ్వా, పొద్దుగాల కలిపినవా అంటే కలిపిన అన్నవు గద?"

"కలిపిన బిడ్డా."

"కలిపితే నేనెందుకు లేటైత?"

ఆమె అతని చేతిలోని సద్దిగిన్నె అందుకుని లోపలికి పోయింది. నాలుగు రోజులకు మళ్లీ అట్లాగే వచ్చాడు. అప్పుడిక నేను కత్తెర తీసుకుని గడియారం వైపు నడిచాను. వియ్యపురాలు గోడకు అడ్డం నిలబడింది.

"అన్నా, దారం ముట్టినవంటే నీకు నాకు మాటల్లేవ్."

"కొడుకు నౌకరి కన్న దారం ఎక్కువనా చెల్లె?"

"వీళ్ల నాయిన కరెక్టు టైముకే పోయిండు. సైరన్ మోగంగనే దిగిండు, కప్పు కూలి మీదవడ్డది. పావుగంట లేటైతే కిటికీ మూసి ఇంటికి తోలుదురు. ఇయ్యాల గిట్ల నీ పక్కన కూసుంటుండె."

ఆ రోజు ఆ షిఫ్టులో నేనూ ఉన్నాను. కత్తెర కింద పెట్టాను. కానీ కోపం తగ్గలేదు. మధ్యాహ్నం ఆడవాళ్లిద్దరినీ వెంటబెట్టుకుని పీఠానికి పోయాను.

"స్వామీ, కాలం మీ చేతుల ఉన్నది గద. మస్టరు కిటికీని ఓ పావుగంట ఆపుండ్రి. కాళ్లు మొక్కుత," అన్నాను.

"కోపిష్టికి కాలం అర్థం కాదు," అని నవ్వాడు.

నేను నోరు తెరిచేలోగా బిడ్డ నా తువ్వాల పట్టి లాగి, తనే అడిగింది. "స్వామీ, మీరు దారం కట్టిన గడియారాన్ని మేం ముట్టం. దుకాణంల కొత్తది తెచ్చుకుంటే దానికి దారం లేదు గద. అది సూసి డ్యూటీకి పోతే తప్పా?"

వెనక నిలబడ్డ ఆడవాళ్లంతా చెవులు అప్పగించారు. వాళ్ల మగవాళ్లదీ బాయి బతుకే. స్వామి వాళ్లను చూశాడు, కాలదేవుణ్ణి చూశాడు.

"కట్టనిదానికి నియమం లేదు," అన్నాడు చివరకు.

సాయంత్రానికి ఎదురుగోడ మీద కొత్త గడియారం వచ్చింది. "ఇగ కలుపుడు లేదు చెల్లె. ఏమున్నదో గదే చెప్పు," అన్నాను. మా బిడ్డ వంటింట్లో ఉందో లేదో చూసుకుని వియ్యపురాలు మెల్లగా అంది: "అన్నా, ముల్లు సూసుడు నాకు రాదు."

ఇన్నాళ్లూ శంఖం విని, వెలుగు చూసి అంచనాగా చెప్పిందట. డిసెంబరులో పొద్దు ఆలస్యంగా పొడిచి ఆ అంచనా తప్పింది. కొడుకు అడిగితే సిగ్గుకు "కలిపిన" అన్నదట. పీఠాన్ని ఏడాదిపాటు తిట్టినవాణ్ణి, ఒకే కప్పు కింద ఉన్న మనిషిని ఆ ఒక్క మాట అడగలేదు. 

మర్నాడు పళ్లెం చుట్టూ పన్నెండు చింతగింజలు పేర్చి, రెండు చీపురుపుల్లలు ముళ్లుగా పెట్టి కూర్చున్నాను.

"గీ చిన్న పుల్ల నడువనే నడువది గద అన్నా?"

"నడుస్తది. మనకు కనవడది."

"నీ లెక్కనే ఉన్నది. పనిజేత్తదంటరు, ఎవలు సూడలే."

మూడు పూటల్లో పట్టేసింది. నాకు నెల పట్టిన విద్య అది. ఇక తెల్లవారుజామున ఆమె కేకలకు మా వరసంతా లేచేది. "ఐదైంది! ఐదు మీద ఐదు! ఐదు మీద పది!" నేనూ లేచి కూర్చునేవాణ్ణి, తప్పదు. "మా ఇంటాయన గూడ లేస్తుండు, జర గట్టిగనే ఒర్లు అవ్వా," అనేది పక్కింటామె.

ఆ నెలలో ఇంకో మస్టరు పోలేదు. ఆఖరి రోజు అల్లుడు కళ్లు తప్ప ఏమీ కనపడని ముఖంతో వచ్చాడు. తల్లి ఆ ముఖాన్ని కడుక్కోనివ్వకుండా చాలాసేపు చూసింది.

పర్మినెంటు కాగితం వచ్చినప్పుడు దాన్ని తలకిందులుగా పట్టుకుని, "గిండ్ల నా కొడుకు పేరు ఏడున్నదన్నా?" అంది. వేలు పెట్టి చూపించాను. మర్నాడు పలక కొనుక్కొచ్చాను.

తెలంగాణ వచ్చిననాటి పేపరు మా ఇంట్లో ఆమే చదివింది, కూడబలుక్కుంటూ, ఒక్కో మాట దగ్గర ఆగుతూ. మధ్యలో నేను అందించబోతే కళ్లెర్రజేసింది.

"నాకు తెల్వదా? జర ఆగరాదే!"