కళ్లజోడు తీసేసి చదివిన తాతగారు

ఈ పేజీలో ప్రతి ఆదివారం బొమ్మల అక్షరాల పజిలు ఇచ్చే తాతగారు పోయిన మంగళవారం పొద్దున కన్నుమూశారు. నిద్రలోనే పోయారు. టీ గ్లాసు పట్టుకుని మేడమీదికి వెళ్లిన మా మామయ్య ఆ గ్లాసుతోనే కిందికి వచ్చి, "పెద్దాయన లేవట్లేదు" అన్నారు. ఆ మాట విని కూడా నేను స్టవ్ మీద పాలు పొంగుతుంటే దించి, మూత పెట్టి, అప్పుడు ఏడ్చాను. ఎందుకలా చేశానో తెలియదు.

ఆయన గురించి నాలుగు మాటలు రాయమని పేపరువాళ్లు నన్ను అడిగారు. నేను ఆరో తరగతితో బడి మానేసినదాన్ని. నన్నే అడగడానికి కారణం ఒకటుంది. ఆయన పజిలు మీ దగ్గరకు రాకముందు నా దగ్గరకు వచ్చేది. "నువ్వు గంటలో చేసేస్తే ముడి బిగిస్తా, పూటంతా పడితే కాస్త వదులు చేస్తా" అనేవారు. ఏ ఆదివారమైనా మీకు మరీ కష్టమనిపించి ఉంటే ఆ తప్పులో నాకూ భాగం ఉంది. ఏమీ అనుకోకండి.

మా ఇల్లు భవానీపురంలో. కింద మేము, పైవాటాలో ఆయన అద్దెకు. మాది దూది పరుపులు కుట్టే ముస్లిం కుటుంబం. మామయ్య, మా ఆయన కొట్లో ఉంటారు. ఇంట్లో నేను, అత్తమ్మ పరుపులకు తొడిగే గలేబులు కుడతాం, కుట్టిన పరుపులకు ముడులు వేస్తాం. మూడేళ్ల క్రితం పెళ్లయి తెనాలి నుంచి నేను వచ్చేసరికే ఆయన పైన పదేళ్లుగా ఉంటున్నారు. భార్య పోయారు. మచిలీపట్నంలో ఉన్న కూతురు నెలకోసారి వచ్చి చూసుకుని వెళ్లేవారు.

ఆయన సైన్యంలో పనిచేశారని అందరికీ తెలుసు. ఏం పని చేశారో మాత్రం ఎవరికీ తెలియదు. శత్రువుల రహస్య సందేశాలను విప్పే చోట ఉండేవారని మామయ్య చెప్పారు. నేను ఒకసారి అడిగాను.

"ఏం పని చేసేవారు తాతగారూ అక్కడ?"

"కాగితాలు చదివేవాణ్ణమ్మా."

"ఏముండేది వాటిల్లో?"

"గుర్తులేదు."

నిన్న ఏం కూర తిన్నారో, పోయినేడు గాలివాన ఏ వారం వచ్చిందో గుర్తుండే మనిషికి ఆ ఒక్కటే గుర్తుండేది కాదు. కట్టుకున్న భార్యకు కూడా ఇదే జవాబు చెప్పారట.

కొత్తలో నేను ఆయనతో మాట్లాడేదాన్ని కాదు. ఎవరితోనూ మాట్లాడేదాన్ని కాదు. బట్టలు ఆరేయడానికి మేడమీదికి వెళ్తే ఆయన నీడలో కుర్చీ వేసుకుని రాసుకుంటూ ఉండేవారు. ఒకరోజు కాగితం మీద రాయి పెట్టి లోపలికి వెళ్లారు. కాగితం నిండా అక్షరాల బదులు బొమ్మలు. గొడుగు, చేప, తాళం, చెంబు. నాకు పేపరు చదవాలంటే సిగ్గు. కూడబలుక్కుని చదువుతాను, పెదాలు కదులుతాయి. కానీ ఈ బొమ్మలు ఎవరూ చదవలేరు కదా, డిగ్రీ చదివినవాళ్లయినా నాలాగే కూడబలుక్కోవాలి కదా అనిపించింది. అక్కడే నిలబడి చూశాను. చేప బొమ్మ అన్నిటికంటే ఎక్కువసార్లు వచ్చింది. పెన్సిలు తీసుకుని ఒక చేప కింద 'న' అని రాసి కిందికి పరుగెత్తుకొచ్చాను.

మర్నాడు రాయి కింద ఇంకో కాగితం ఉంది. పక్కన చెక్కిన పెన్సిలు. ఐదారు వారాలు మేమిద్దరం ఒక్కమాట కూడా మాట్లాడుకోకుండా ఆ రాయి దగ్గర కాగితాలు మార్చుకున్నాం. చివరకు ఆయనే ఉండబట్టలేక అడిగారు.

"ఆ మొదటి రోజు చేపను 'న' అని ఎట్లా పట్టావమ్మాయ్?"

నేను తల దించుకుని చెప్పాను. "నేను, నాన్న, అన్నం, ఉన్నాను, తిన్నాను... ఏం మాట్లాడినా అదే వస్తుంది కదండీ."

ఆయన చాలాసేపు నవ్వారు. వెయ్యేళ్ల పైచిలుకు కిందట బాగ్దాదులో ఒక పండితుడు సరిగ్గా ఇదే చెప్పాడట. ఏ భాషలోనైనా కొన్ని అక్షరాలు మాటిమాటికీ వస్తాయి, వాటిని లెక్కపెడితే ఎంత గట్టి రహస్యమైనా ఊడి వస్తుంది అని పుస్తకం రాశాడట. "ఈ విద్య మీవాళ్లదేనమ్మా" అన్నారు.

నేను సంబరంగా కిందికి వచ్చి అత్తమ్మకు చెప్పాను. అత్తమ్మ సూదిలో దారం ఎక్కిస్తూ, "బాగ్దాదులో మనకెవరున్నారే? మనకున్నదల్లా బందరులో మీ మామయ్య చిన్నాన్న ఒక్కడే" అంది.

ఆయన దగ్గర ఇలాంటి కథలు చాలా ఉండేవి. గుండు గీసిన బానిస తల మీద సందేశం రాసి, జుట్టు పెరిగాక పంపిన రాజు. అక్షరాన్ని మూడు గళ్లు జరిపి రాస్తే ఎవరికీ తెలియదనుకున్న ఇంకో రాజు. పెద్ద యుద్ధంలో జర్మనీవాళ్ల మీటల యంత్రం గురించి చెప్పేటప్పుడు కుర్చీ అంచుకు వచ్చి కూర్చునేవారు. ఆ యంత్రం రోజూ కొత్తగా కలిపేదట అక్షరాల్ని. దాని గుట్టు దొరకడానికి ఒక కారణం, అవతలివాళ్లు రోజూ పొద్దున ఒకే వేళకు ఒకేలాగా వాతావరణం కబురు పంపడమేనట.

"యంత్రం తప్పు చేయలేదమ్మాయ్. మనుషుల అలవాటు పట్టించింది. మీ మామయ్యను చూడు, గేటు దగ్గర రెండుసార్లు దగ్గి కానీ లోపలికి రాడు. దొంగతనానికి పనికిరాడు."

ఆ సందేశాలు విప్పిన చోట వేలమంది ఆడపిల్లలు పనిచేశారట. యుద్ధం అయ్యాక ఇళ్లకు పోయి, పెళ్లిళ్లు చేసుకుని, ఏళ్ల తరబడి మొగుళ్లకు కూడా చెప్పకుండా ఉన్నారట. ఆ సంగతి చెప్పినప్పుడల్లా ఆయన గొంతు తగ్గేది.

సినిమాల మీద మాత్రం భలే కోపం. టీవీలో హీరో గోడ మీద నాలుగు కాగితాలు అంటించి, కళ్లు మూసుకుని, పాట అయ్యేలోపు రహస్యం విప్పేస్తే మా ఇంట్లోకి వినపడేలా అరిచేవారు. "ఒరే, రబ్బరు ఏదిరా? ఒక్కసారైనా చెరపవేంట్రా?" ఆయన పజిలు కాగితాలు చెరిపి చెరిపి పల్చబడి ఉండేవి.

కళ్లజోడు లేకపోతే ఆయనకు ఏమీ కనపడేది కాదు. ఒకసారి స్నానం చేసి వస్తూ మెట్ల దగ్గర చుట్టి నిలబెట్టిన పరుపును చూసి, "ఏమండీ, ఇవాళ కొట్టుకు వెళ్లలేదా?" అని మామయ్య అనుకుని పలకరించారు. జవాబు రాకపోతే, "సరేలెండి, కోపంలో ఉన్నట్టున్నారు" అని వెళ్లిపోయారు. అత్తమ్మ ఆ మాట చెప్పుకుని వారం రోజులు నవ్వింది.

ఇప్పుడు నేను చెప్పాల్సిన అసలు సంగతి చెబుతాను.

"రోజూ నాలుగు మాటలు రాయి, రాత కుదురుతుంది" అన్నారు ఒకసారి. ఇంట్లో ఎవరైనా చూస్తారని భయమన్నాను. "అయితే ఎవరికీ తెలియని అక్షరాలు చేసుకో. ఆఖరికి నాకు కూడా చెప్పకు" అన్నారు. నేను కుట్లనే అక్షరాలు చేసుకున్నాను. అడ్డకుట్టు, కత్తెర కుట్టు, ముడి, రెండు ముడులు. నోటుబుక్కు నిండా అవే. భయం లేకపోయేసరికి మనసులో ఉన్నదంతా రాశాను.

మనసులో బాగా లేదు అప్పుడు. అత్తమ్మ నన్ను ఒక్క మాట అనేది కాదు, కానీ ఏడాదిన్నర పాటు ఒక్కసారి కూడా నాతో కలిసి అన్నం తినలేదు. నాకు వడ్డించి, తన కంచం పట్టుకుని లోపలి గదిలోకి వెళ్లి తలుపు వేసుకునేది. పెద్దగా చదువు లేనిదాన్నని, పేదింటి నుంచి వచ్చానని, నా పక్కన కూర్చోవడం ఇష్టం లేదనుకున్నాను. ఒకరోజు ఇలా రాసుకున్నాను: బక్రీదుకు అమ్మ దగ్గరకు వెళ్తాను. ఇక తిరిగి రాను.

ఆ నోటుబుక్కును మా పరుపు కుట్టు విప్పి, దూదిలో దాచి, మళ్లీ కుట్టేశాను. పరుపులు కుట్టేవాళ్లింట్లో పరుపులో దాచానంటే నా తెలివి ఎంతో చూడండి. ఎండలో వేసిన పరుపు మీద అత్తమ్మ ఒక్కసారి అరచెయ్యి వేసి, "ఇందులో దూది కానిదేదో ఉంది" అంది. రెండు నిమిషాల్లో బయటికి తీసింది. ఆ గుర్తులు చూసి ఆమె మొహం మాడిపోయింది. ఎవరో చేతబడి చేయించారనుకుంది. నన్ను అడగకుండా తిన్నగా మేడమీదికి వెళ్లింది. నేను వెనకే వెళ్లి మెట్ల మీద ఆగిపోయాను.  ఆయన తలుచుకుంటే ఒక పూటలో విప్పేస్తారు. విప్పితే ఆ ఇంట్లో నా బతుకు ఆ పూటతో సరి.

"బాబాయిగారూ, ఇది మా కోడలి పరుపులో దొరికింది. ఏం రాసుందో చెప్పండి. మంచైనా చెడైనా చెప్పండి."

ఆయన నోటుబుక్కు అందుకున్నారు. మెట్ల మీద ఉన్న నన్ను చూశారు. తర్వాత కళ్లజోడు తీసి, లుంగీ అంచుతో తుడిచి, చొక్కా జేబులో పెట్టుకున్నారు. అప్పుడు నోటుబుక్కు తెరిచారు. ఒక్కో పేజీ తిప్పుతూ, వేలు పెట్టి, తల ఊపుతూ చివరిదాకా చూశారు.

"రాలేదమ్మా. ఓడిపోయాను" అన్నారు.

"అదేంటండీ! వారం వారం పేపర్లో అందరినీ ఏడిపిస్తారు, ఇది రాలేదా?"

"రాలేదు. రాసినవాళ్లు నాకంటే గట్టివాళ్లు."

"మా కోడలే రాసుంటుంది."

"అయితే ఆ అమ్మాయినే అడగండి. ఎవరూ లేనప్పుడు, మెల్లిగా అడగండి. నేను విప్పితే అది దొంగతనం. తను చెబితే కబురు."

అత్తమ్మ ఆ మధ్యాహ్నమే అడిగింది. ముడులు వేయాల్సిన పరుపును నిలబెట్టి చెరోవైపు కూర్చున్నాం. పొడుగు సూది నేను అటు గుచ్చితే ఆమె లాగి మళ్లీ ఇటు గుచ్చుతుంది. మధ్యలో పరుపు ఉంది కాబట్టి మొహాలు కనపడవు.

"ఏం రాశావే అందులో?"

వంటల పేర్లని చెప్పొచ్చు. ఎవరికి తెలుస్తుంది? సూది నా చేతిలోనే ఉండిపోయింది. ఎందుకో అబద్ధం నోటికి రాలేదు. బక్రీదు సంగతితో సహా ఉన్నది ఉన్నట్టు చెప్పేశాను.

 అటువైపు నుంచి అత్తమ్మ గొంతు వినపడింది.

"నాకు పళ్లు లేవే."

"ఏంటి అత్తమ్మా?"

"చిగుళ్ల జబ్బు చేసి అన్నీ పీకించుకున్నా. ఇవి కట్టుడు పళ్లు. పెట్టుకుని నమిలితే చిగుళ్లు ఒరుసుకుంటాయి. తీసేసి తింటా. కొత్త కోడలివి, చూసి నవ్వుతావని లోపల తింటున్నా."

"ఎవరూ చెప్పలేదు నాకు..."

"ఎట్లా చెబుతారు? చెబితే చంపుతానని నీ మొగుడికి, మీ మామయ్యకు ఒట్టు పెట్టించా."

ఏడాదిన్నర మా ఆయన ఈ గుట్టు నా దగ్గర దాచారంటే, సైన్యంలో తాతగారి ఉద్యోగం ఈయనకే ఇవ్వాల్సింది.

ఆ రోజు మూడు గంటలకు అన్నం తిన్నాం. అత్తమ్మ గోడవైపు తిరిగి కూర్చుంది. నేనూ కంచం తీసుకెళ్లి ఆమె పక్కన గోడవైపే తిరిగి కూర్చున్నాను. కొన్నాళ్లకు ఇద్దరం గోడ వదిలి ఇటు తిరిగి తిన్నాం. బక్రీదుకు తెనాలి వెళ్లాను, మూడో రోజు వచ్చేశాను. ఈ సంగతి రాయొచ్చా అని అత్తమ్మను అడిగే రాస్తున్నాను. "రాయి. మొన్న వీధంతా చూసింది కదే, ఇక దాచేదేముంది" అంది.

నోటుబుక్కు దొరికిన మర్నాడు మేడమీదికి వెళ్లి ఆయన్ను అడిగాను.

"నిజంగా చదవలేదా తాతగారూ?"

"కళ్లజోడు లేకుండా ఎట్లా చదువుతానమ్మాయ్?" అన్నారు. మళ్లీ ఆయనే, "ఉద్యోగంలో నాకు రాయనివన్నీ చదివాను. చదవకుండా ఉండే అవకాశం ఇన్నేళ్లకు వచ్చింది. వదులుకుంటానా?" అన్నారు.

తను ఓడిపోయానని ఆయన అన్న మాట అత్తమ్మ వీధిలో అందరికీ చెప్పింది. పాలబ్బాయి దగ్గర్నుంచి ఇస్త్రీ ఆయన దాకా, "ఏం సార్, ఆడపిల్ల చేతిలో ఓడిపోయారంట" అని ఆటపట్టించేవాళ్లు. "అవునండీ, చిత్తుగా" అనేవారు. అసలు సంగతి ఒక్కసారి కూడా చెప్పలేదు. అత్తమ్మకు నేనే చెప్పాను, మంగళవారం నాడు, ఆయన పక్కన కూర్చుని ఉన్నప్పుడు. కళ్లజోడు తీసేసి చూశారత్తమ్మా అని.

ఆ పొద్దున మామయ్య మాట వినగానే అత్తమ్మ నిద్ర మంచం మీద నుంచి లేచినది లేచినట్టే పైకి వెళ్లింది. మచిలీపట్నం నుంచి కూతురు వచ్చేదాకా, నలుగురూ చేరి స్నానం చేయించేదాకా కిందికి దిగలేదు. నేను చెప్పింది విని ఆయన పాదాల వైపే చూస్తూ ఉండిపోయింది.

మధ్యాహ్నం ఆయన్ను దించి తీసుకెళ్తుంటే మేము గేటు దగ్గర నిలబడ్డాం. వీధిలో ఆడా మగా అందరూ బయటికి వచ్చారు. అప్పటిదాకా గుడ్లప్పగించి చూస్తున్న అత్తమ్మ ఒక్కసారిగా "బాబాయిగారో" అని గొల్లుమంది. నోట్లో పళ్లు లేవు. పొద్దున పెట్టుకోవడమే మర్చిపోయింది. నేను గబుక్కున ఆమె కొంగు తీసి నోటికి అడ్డం పెట్టబోయాను. ఆమె నా చెయ్యి పట్టుకుని కిందికి దించేసింది. ఆయన వీధి మలుపు తిరిగేదాకా అలాగే, బోసినోరు తెరిచి, అంతమంది చూస్తుండగా ఏడ్చింది.