గుండ్రటి అర్జీ

నిన్న ఖమ్మం మార్కెట్ యార్డు దగ్గర బస్సు దిగగానే ఎండుమిర్చి ఘాటు గొంతుకు పట్టింది. దగ్గుతూనే ఎదురుగా ఉన్న మేడ వైపు చూశాను. అనసూయ మేడమ్ వకీలు ఆఫీసు అక్కడే ఉండేది. ఆమె పోయి ఆరేళ్లయింది. ఇప్పుడక్కడ కోచింగ్ కాలేజీ బోర్డు వేలాడుతోంది.

ఆ మెట్లు మొదటిసారి ఎక్కేనాటికి నేను ఉద్యోగం పోయిన నర్సును. అడవి అంచున ఆడపిల్లల హాస్టల్లో తొమ్మిదేళ్లు పనిచేశాను. జ్వరంతో తూలుతున్న ఒక పిల్లను భద్రాచలం దవాఖానాకు తీసుకెళ్లి, నాలుగు రోజులు మంచం పక్కనే కూర్చున్నాను. తిరిగొచ్చేసరికి వార్డెన్ నాకు ఆ నాలుగు రోజులూ గైర్హాజరు వేసింది. నోటీసు లేదు, ఒక్క ప్రశ్న లేదు. తీసేశామన్న కాగితం చేతిలో పెట్టింది.

మా గూడెం ఊరుకోలేదు. మా దగ్గర అర్జీ మీద పేర్లు వరుసగా రాయరు, గుండ్రంగా రాస్తారు. మొదటి పేరు ఎవరిదో తెలిస్తే అధికారి వాళ్ల మీదే పగబడతాడని భయం. అలా నలభై రెండు వేలిముద్రలు పడ్డాయి. ఖమ్మంలోని ఒక సంఘం అధ్యక్షుడు ఆ అర్జీ పట్టుకెళ్లి హైకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం వేశాడు. పేపర్లో ఫొటో వేయించుకున్నాడు. రెండేళ్ల నాలుగు నెలలకు కోర్టు దాన్ని కొట్టేసింది. ఇది ఒక మనిషి ఉద్యోగం గొడవ, నష్టపోయిన మనిషే రావాలి అంది. ఆ తర్వాత అధ్యక్షుడు నా ఫోన్ ఎత్తలేదు.

అప్పుడు నేను ఆ మెట్లెక్కాను. మేడమ్ ఆ అర్జీని అటూ ఇటూ తిప్పి చూసింది.

"ఈ కాగితంల నువ్వెక్కడున్నవమ్మా?"

"అందరం ఉన్నం మేడమ్."

"అందరి నౌకరీ పోయిందా?"

"లేదు. నాదే."

"మరి నీ కడుపునొప్పికి ఊరంతా మందు మింగితే తగ్గుతదా?"

నాకు ఒళ్లు మండింది. "ఒక్కదాన్నే పోతే తొక్కేస్తరు. గదంత మీకేం తెలుసు?" అన్నాను.

ఆమె కోప్పడలేదు. తెల్లకాగితం నా ముందుకు తోసింది. "ఏ రోజు పోయినవ్? మంచం నంబరెంత? డాక్టరెవరు? రాయి. నువ్వు మంచిదానివని నలభై రెండు మంది చెప్తే జడ్జి నవ్వుకుంటడు. దవాఖానా రిజిస్టర్ చెప్తే కాదనలేడు."

సగం తేదీలు నాకు గుర్తులేవు. "పో, కనుక్కొని రా" అని పంపేసింది. భద్రాచలానికి మూడుసార్లు తిరిగాను. ప్రతిదీ తేదీతో రాసుకోవడం నాకు అప్పుడే అలవాటైంది.

ఉద్యోగ వివాదాల్లో ప్రజాప్రయోజన వ్యాజ్యం నిలవదని అధ్యక్షుడికి ముందే తెలుసని కూడా ఆమే చెప్పింది. తెలిసే వేశాడు! ఫొటో ఆయనకు, రెండేళ్ల నాలుగు నెలలు నాకు.

నా ఒక్కదాని పేరుతో మేడమ్ హైకోర్టులో రిట్ పిటిషన్ వేశాక గూడెం ఆడవాళ్లు ముఖాలు చిన్నబుచ్చుకున్నారు. "ఇగ మాతోని పనిలేదా?" అన్నారు.

"కేసుల ఆమె ఒక్కతే. బస్సుల అందరు రాండ్రి, ఎవలొద్దన్నరు?" అంది మేడమ్.

విచారణ రోజు పదిహేడు మంది వచ్చి కోర్టు హాలు వెనక గోడకు ఆనుకుని నిలబడ్డారు. వాళ్లు మాట్లాడాల్సిన అవసరం రాలేదు. నేను వెనక్కి తిరిగి వాళ్లను ఒకసారి లెక్కపెట్టుకున్నాను.

ఉద్యోగం తిరిగొచ్చింది. బయట గడిపిన కాలాన్ని మాత్రం సర్వీసులో కలపలేదు. నష్టపోయిన మనిషే రావాలన్న కోర్టు మాటను నేను తప్పుపట్టను. కానీ ఆ మనిషి ఒంటరిగా రావడానికి ఎందుకు భయపడిందని ఒక్కరూ అడగలేదు. ఆ కోపం నాకు ఇప్పటికీ చల్లారలేదు.

రేపు ఇల్లందు వైపు నుంచి ఒక హాస్టల్ వంటామె హైకోర్టుకు వెళ్తోంది. రిట్ ఆమె పేరు మీదే ఉంది. తేదీలన్నీ ఆమె చేతే రాయించాను. నాకు డెబ్బై రెండేళ్లు, మోకాళ్లు సహకరించవు. అయినా నిన్న ఖమ్మంలో, బస్సులో ఆమె పక్క సీటుకు టికెట్ తీసుకున్నాను.