నాకు నేనే అక్కనైన రోజు

ఆ రోజుల్లో అంటే రాజుల కాలం అనుకునేరు. చేతిలో ఫోను, ఫోనులో రెండు అకౌంట్లు ఉన్న నిన్నమొన్నటి మాటే. డిగ్రీ అయిపోయి పుంగనూరులో ఇంట్లో కూర్చున్న నాకు ఆన్‌లైన్ మోడల్ కావాలని పిచ్చి పట్టింది. పెద్దమ్మ కూతురు (ఇంట్లో అందరూ ఆమెను ‘సలహాలక్క’ అంటారు) నాకు గురువు. “ఫోటోల యాప్‌లో నోరు తెరవద్దు, స్టైల్‌గా నిలబడు. వీడియోల యాప్‌లో మన యాసలో వాగతానే ఉండు. యాడికాడ వేరేగా ఉంటేనే బ్రాండయ్యేది” అంది. నాకు ముక్క అర్థం కాలేదు, అయినా తల ఊపాను. ఫోటోల్లో జుట్టు సాపు చేసుకుని, అమ్మ బుగ్గన పెట్టిన దిష్టిచుక్కను ఫిల్టరుతో చెరిపేసేదాన్ని. వీడియోల్లో జడ, చుక్క, నోరు అన్నీ ఉండేవి. కొన్నాళ్లకు అద్దం ముందు నిలబడితే ఈపూట నేనెవరో నాకే గుర్తుండేది కాదు.

ఇంతలో మదనపల్లె పట్టుచీరల అంగడాయన మోడల్ కోసం మా ఇంటికే వస్తున్నానన్నాడు. ఈ పని తప్పిపోతే కుప్పంలో మామ జిరాక్స్ అంగడికి పంపుతానని అమ్మ ముందే చెప్పేసింది. స్టైల్ పిల్లనై, చుక్క తుడిచేసుకుని, పెదవి విప్పకుండా కాఫీ ఇచ్చాను. ఆయన ఎగాదిగా చూసి, “నువ్వూ బాగుండావు పాపా. కానీ నాకు కావల్సింది వీడియోల్లో సుక్క పెట్టుకోని గలగలా మాట్లాడతాదే, మీ అక్క. యాడుండాది?” అన్నాడు.

“నేనే సార్” అంటే సరిపోయేది. ఆ క్షణాన నాకే ఆ సంగతి నమ్మకంగా తెలియలేదు! “లోపలుండాది సార్” అని లోపలికి ఉరికి, జడ అల్లి, చీర చుట్టి, కాటుకతో చుక్క పెట్టుకుని, “ఏం సార్, బాగుండారా? బస్సులో రష్షుగా ఉన్నిందా?” అంటూ వచ్చాను. ఆయన మొహం వెలిగిపోయింది. “ఈ పాపే! సెల్లెల్ని గూడా పిలువమ్మా, ఇద్దర్నీ పక్కపక్కన నిలబెట్టి ఒక ఫోటో తీస్తాం” అన్నాడు.

నేను మళ్లీ లోపలికి ఉరకబోయాను. వంటింట్లోంచి అమ్మ, “యాడి సెల్లెలప్పా! నాకుండేది ఈ ఒక్క మొద్దే!” అంది. ఆయన నన్నూ తలుపునూ మార్చి మార్చి చూసి, కాఫీ పొలమారేదాకా నవ్వాడు. “ఇద్దరి పని ఒక్కతే చేస్తాదంటే ఇంకేం గావల్లమ్మా! సోమవారం అంగడికి పంపించు.”

పని దొరికింది, కొంచెం పేరూ వచ్చింది. కొత్త పిల్లలు “అక్కా, మీ బ్రాండ్ ఏమి?” అని అడిగితే మాత్రం ఇప్పటికీ సలహాలక్క నంబరే ఇస్తాను. ఇప్పుడు కెమెరా ముందు ఏ మాట ఎలా పలకాలో నాకు బాగా వచ్చు. భయంతో లోపలికి ఉరికి అక్కనై తిరిగొచ్చిన ఆ పిచ్చిపిల్లకు ఏమీ రాదు. ఆమె మీద బెంగ పుట్టినప్పుడల్లా ఆ పాత వీడియోలు పెట్టుకుని చూస్తాను. ఈమధ్య వాటికొచ్చే వ్యూసు ముప్పాతిక నావే.